ద్రాక్షతోటలు, దోరు నది, మా అన్న

పాప ఫోన్లో ఆ టూరు చూపించినప్పుడు కొండలు చూపించింది, నది చూపించింది, పడవ చూపించింది. "పొద్దున ఎనిమిదికి ఎక్కితే సాయంత్రం ఏడుకల్లా దింపేస్తారమ్మా. భోజనం వాళ్ళదే. గంటసేపు పడవలో తిప్పుతారు" అంది. మనిషికి నూరు యూరోల చిల్లర. రూపాయల్లోకి మార్చి చూడనని ముందే నాతో ఒట్టు వేయించుకుంది. అది వైన్ టూరు అన్న ఒక్క మాట మాత్రం చెప్పలేదు.

పాప పోర్చుగల్లో, పోర్తో అనే ఊళ్ళో ఎమ్మెస్ చదువుతోంది. చదువు అయిపోవచ్చిందని, ఈలోగా ఒకసారి వచ్చి చూసిపొమ్మని పట్టుబడితే సెప్టెంబరులో మూడు వారాలకని వెళ్ళాను. మా ఆయన రాలేదు. శెనక్కాయ చేను ఊడలు దిగి కాయ పట్టే సమయం, ఎట్లా వస్తారు? గుమ్మఘట్ట దాటి బెంగళూరు వరకు పోయిరావడమే నాకు పెద్ద ప్రయాణం. అట్లాంటిది ఒంటరిగా రెండు విమానాలు మారి వెళ్ళాను. ఆ సంగతులు ఇంకోసారి రాస్తాను. ఈ ఒక్క రోజు గురించి మాత్రం రాయకపోతే నాకు నిద్ర పట్టేట్టు లేదు.

పొద్దున్నే సావ్ బెంతు రైల్వేస్టేషను దగ్గర ఎనిమిది మంది పట్టే వ్యాను ఎక్కాం. గైడు ముప్ఫై యేళ్ళ అమ్మాయి. బండి తనే నడుపుతూ, అందరినీ నవ్వుతూ పలకరిస్తూ, "ఈ రోజు రెండు తోటలు, మొత్తం ఆరు రకాల వైన్ రుచి చూస్తారు, అందరూ సిద్ధమేనా?" అని ఇంగ్లీషులో అడిగింది. బండంతా ఓ అని అరిచింది. నేను పాప వైపు చూశాను. పాప కిటికీ వైపు చూసింది.

మా ఇంట్లో మందు అన్న మాటే ఎవరూ పలకరు. పెళ్ళిలో పక్క బంతిలో ఎవరైనా తాగి కూర్చున్నారని తెలిస్తే నేను లేచి వచ్చేస్తాను. చుట్టాలందరికీ తెలుసు. పాపకు ఇంకా బాగా తెలుసు. అయినా బండి కదిలిపోయింది. బండిలో పరాయివాళ్ళున్నారు. నోరు మూసుకున్నాను.

పోర్తో సముద్రం ఒడ్డున ఉంది. ఊరంతా పచ్చన, ఎప్పుడు చూసినా తేమ. గంటకు పైగా తూర్పుకు పోయాక మరావ్ అనే పర్వతం వచ్చింది. దాని కిందుగా ఐదున్నర కిలోమీటర్ల సొరంగం. 2016లో తెరిచారట. అందులో దూరి అవతలికి వచ్చేసరికి లోకమే మారిపోయింది. ఎండ. పొడిగాలి. గోధుమ రంగు కొండలు. సముద్రం మీదినుంచి వచ్చే మబ్బుల్ని ఈ పర్వతం అటువైపే ఆపేస్తుందని, ఇటువైపు నేల ఎండుతుందని గైడు చెబుతుంటే నాకు నవ్వొచ్చింది. మా అనంతపురం కథ కూడా ఇదే కదా. అక్కడ మరావ్ కొండ, ఇక్కడ పడమటి కనుమలు. తూర్పుకు పోయేకొద్దీ, స్పెయిన్ సరిహద్దు దగ్గర, మా జిల్లా కన్నా తక్కువ వాన పడే చోట్లు కూడా ఉన్నాయట. తొమ్మిది నెలలు చలికాలం, మూడు నెలలు నరకం అని వాళ్ళకొక సామెత ఉంది. మాకైతే చలికాలం కూడా లేదు.

ఆ కొండల మధ్యలో నది. ఇంగ్లీషులో డౌరో అంటారు గానీ అక్కడివాళ్ళ నోట దోరు అని వినిపిస్తుంది. నాకు దోరజామకాయ గుర్తొచ్చి ఆ పేరు అట్లాగే నిలిచిపోయింది. స్పెయిన్‌లో పుట్టి దాదాపు 900 కిలోమీటర్లు వచ్చి పోర్తో దగ్గర సముద్రంలో కలుస్తుంది. రెండు గట్ల మీదా కొండల్ని నిలువునా మెట్లు మెట్లుగా చెక్కి, ఒక్కో మెట్టుకు రాతిగోడ కట్టి, ఆ మెట్ల మీద ద్రాక్ష పెట్టారు. కింద నీటి నుంచి పైన ఆకాశం వరకు మెట్లే. అన్నీ వందల యేళ్ళుగా మనుషులు చేత్తో పేర్చిన రాళ్ళు. 1756లోనే అక్కడి మంత్రి పొంబాల్ ఈ తోటల చుట్టూ గ్రానైటు రాళ్ళు పాతించి, ఈ హద్దుల్లో పండిందే అసలు సరుకు అని చట్టం చేశాడట. 2001లో యునెస్కో దీన్ని ప్రపంచ వారసత్వ ప్రదేశంగా గుర్తించింది.

మొదటి తోటలో దిగగానే నేను చేసిన మొదటి పని వంగి మట్టి చూడటం. మట్టి ఎక్కడుంది? అంతా పలకలు పలకలుగా విడిపోయే రాయి. చేత్తో విరిస్తే విరుగుతోంది. ఆ పలకల సందుల్లో నీళ్ళు కిందికి దిగి దాక్కుంటాయని, వాటిని వెతుక్కుంటూ వేర్లు బారల లోతుకు పోతాయని గైడు చెప్పింది. పాత తోటలకు నీళ్ళు కట్టడమే ఉండేది కాదట. బోరు లేదు, డ్రిప్పు పైపు లేదు. "కష్టపడిన తీగకే మంచి పండు" అందా అమ్మాయి. తీగ సంగతి సరే, పండించే మనిషి సంగతేమిటని నాకు అనిపించింది గానీ అనలేదు.

ఎందుకంటే నాకు అప్పటికే మా అన్న కళ్ళ ముందు కనిపిస్తున్నాడు.

మా అన్న 1997లో రెండు ఎకరాల్లో ద్రాక్ష పెట్టాడు. మా చుట్టుపక్కల అందరూ శెనక్కాయ వేస్తుంటే, వానను నమ్ముకుని ఎన్నాళ్ళు బతుకుతామని అప్పు చేసి బోరు వేయించి, రాతి కూసాలు నాటి, తీగ కట్టి పందిరి వేశాడు. గింజలేని రకం. నేను అప్పుడు డిగ్రీలో తెలుగు చదువుతున్నా. ద్రాక్షాపాకం, కదళీపాకం, నారికేళపాకం అని మేష్టారు చెప్పిన రోజు ఇంటికొచ్చి అన్నకు చెబితే, "మీ కవులకు ద్రాక్ష అంటే నోట్లో వేసుకుంటే కరిగేది. మాకు కరిగేది ఒళ్ళు" అని నవ్వాడు. మొదటి రెండు కోతలూ బాగా వచ్చాయి. బెంగళూరుకు లారీ పోయింది. నాకు పెళ్ళి చేశారు. ఆ తర్వాత బోరు ఎండింది. ఇంకోటి వేశాడు. అదీ ఎండింది. 2002 కరువులో నాలుగో బోరు కూడా దుమ్మే పోసింది. పందిరి మీద తీగలు కట్టెలైపోయాయి.

మా మండలంలోనే భైరవానితిప్ప ప్రాజెక్టు ఉంది, వేదవతి మీద. వేదవతిని మేం హగరి అని కూడా అంటాం. పేరుకే నది. పైన కర్ణాటకలో ఉన్న వాణీవిలాస సాగరం 1933లో నిండాక మళ్ళీ 2022లో గానీ నిండి పొర్లలేదు. ఆ యేడు మా వైపు జనం పనులు మానుకుని పోయి నీళ్ళను చూసొచ్చారు. అట్లాంటి చోట అన్న ద్రాక్ష పెట్టాడు. తప్పు అని ఇప్పుడు అనడం తేలిక. అప్పుడు అందరం ఆ పండ్లు తిన్నాం.

అప్పుల తర్వాత మందు వచ్చింది. 2008లో అన్న పోయాడు. మా వదినకు అప్పటికి 32 యేళ్ళు. ఇద్దరు పిల్లలు.

తోటలో కోతలు జరుగుతున్నాయి. వంగి కత్తెరతో గుత్తులు కోసేవాళ్ళలో ఇద్దరు కుర్రాళ్ళు నన్ను చూసి "నమస్తే ఆంటీ" అన్నారు. నేపాల్ పిల్లలు. హిందీలో నాలుగు మాటలు మాట్లాడాను. ఎండ ఎక్కువే కానీ కూలి సమయానికి ఇస్తారని చెప్పారు. వాళ్ళే ఒక గుత్తి నా చేతిలో పెట్టారు. నల్లగా, చిన్నగా, తోలు మందంగా ఉన్నాయి. నోట్లో వేసుకుంటే పండంతా గింజలే, తోలేమో వగరు. ద్రాక్షాపాకం కాదిది, కొబ్బరికాయే. కానీ నములుతూ ఉంటే చివర్లో చిక్కటి తీపి వచ్చింది.

1860ల్లో ఇక్కడికి ఫిలోక్సెరా అని ఒక పురుగు వచ్చి వేర్లు పీల్చేసి, కొండలకు కొండల్నే ఎండబెట్టేసిందట. కొన్ని మెట్ల మీద తోటలు అప్పుడు చచ్చిపోయినవి మళ్ళీ లేవలేదు. వాటిల్లో ఇప్పుడు ఆలివ్ చెట్లో, ఉత్త పొదలో ఉన్నాయి. చచ్చిన తోటల్ని పిలవడానికి వాళ్ళకు ప్రత్యేకంగా ఒక మాటే ఉంది, మొర్తోరియు. చివరికి ఆ పురుగును తట్టుకునే అమెరికా తీగ వేరు మీద తమ తీగను అంటుకట్టి తోటల్ని మళ్ళీ లేపారు. మా అన్న పొలంలో నిలబడిపోయిన రాతి కూసాలకు మేం పేరేమీ పెట్టుకోలేదు.

లోపల లగార్ అనే రాతి తొట్లు చూపించారు. మోకాలి పైకి లోతుంటాయి. అందులో పండ్లు పోసి, మనుషులు భుజాల మీద చేతులు వేసుకుని వరసగా నిలబడి, కాళ్ళతో గంటల తరబడి తొక్కుతారు. ఇప్పటికీ కొన్ని తోటల్లో తొక్కుతున్నారట. ఆడవాళ్ళు కోసేవాళ్ళు, మగవాళ్ళు మోసేవాళ్ళు, తొక్కేవాళ్ళు. రసం పులుస్తూ ఉండగా, తీపి ఇంకా పోకముందే, ద్రాక్షతోనే తీసిన సారా అందులో కలుపుతారు. దాంతో పులియడం ఆగిపోతుంది, తీపి నిలిచిపోతుంది. అదే పోర్ట్ వైన్. మామూలు వైన్ కన్నా ఘాటు, నూటికి ఇరవై పాళ్ళ దాకా ఆల్కహాలు ఉంటుంది. ఆ గదిలో వాసన మాత్రం మందు వాసన కాదు. మా అన్న పందిరి కింద రాలిన పండ్లు ఎండకు మగ్గితే వచ్చే వాసన. నాకు గొంతు పట్టేసింది.

తర్వాత అసలు ఘట్టం. బల్ల మీద మనిషికి మూడు గ్లాసులు పెట్టి, అడుగున రెండు వేళ్ళంత పోస్తూ వచ్చారు. నా దగ్గరికి వచ్చేసరికి గ్లాసు మీద అరచెయ్యి పెట్టేశాను. గైడు ఏమీ అనకుండా నాకు ద్రాక్షరసం తెచ్చిపెట్టింది. పాప నన్ను చూసింది. చూసి, తన గ్లాసు ఎత్తి, ఒక గుక్క తాగింది.

చెళ్ళున ఎవరో కొట్టినట్టయింది నాకు.

"ఎన్నాళ్ళ నుంచి?" అన్నాను, పక్కవాళ్ళకు వినబడకుండా. తెలుగు వాళ్ళకు ఎట్లా తెలుస్తుంది, అయినా గుసగుసే.

"వచ్చిన ఆర్నెల్ల తర్వాత నుంచి. ఎప్పుడన్నా ఒకసారి. ఫ్రెండ్స్‌తో."

"నాకెందుకు చెప్పలేదు?"

"చెప్తే ఏమయ్యేదో నీకు తెలీదా అమ్మా?"

చదువుతున్న మీలో కొందరు ఇంత మాత్రానికేనా అనుకుంటారు. మాది ఏ కాలమో, ఏ ఊరో చెప్పాలి. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడవాళ్ళు సారా కొట్టు మీదికి పోయినప్పుడు నేను బడిలో ఉన్నా. ఆ వార్త పేపర్లో వస్తే మా జేజి నాతో రెండుసార్లు చదివించుకుంది. 1993 అక్టోబరులో సారా ఆపేశారు, 1995లో మందంతా నిషేధమన్నారు, 1997లో మళ్ళీ తెరిచేశారు. తెరవకముందైనా మాకు పెద్ద తేడా తెలియలేదు. ఊరి పక్కనే కర్ణాటక సరిహద్దు, సీసాలు నడిచొచ్చేవి. ఆ సీసాలు ఎన్ని ఇళ్ళకు పోయాయో నేను వేళ్ళ మీద లెక్కపెట్టి చెప్పగలను. అందులో మాదీ ఒకటి. అట్లాంటి దాన్ని నా బిడ్డ నా ముందే ఎత్తి తాగితే నాకు వైన్ గ్లాసు కనిపించలేదు.

భోజనానికి పిన్యావ్ అనే చిన్న ఊళ్ళో ఆపారు. బంగాళదుంపలు, సన్నగా తరిగిన ఆకుకూర వేసిన పులుసు లాంటిది, బ్రెడ్డు, చేప. మేమిద్దరం ఏమీ మాట్లాడుకోలేదు. నేను సంచీలోంచి శెనక్కాయల పొడి డబ్బా తీసి పులుసులో చల్లుకున్నా. పక్కన కూర్చున్న బ్రెజిల్ ముసలావిడ ఆసక్తిగా చూస్తే ఆమెకూ ఒక చెంచా వేశాను. రెండోసారి అడిగి వేయించుకుంది. పాపకు నవ్వొచ్చింది. ఆపుకుంది.

ఆ ఊరి రైల్వేస్టేషను గోడల నిండా నీలం రంగు పెంకుల మీద బొమ్మలున్నాయి. 1937 నాటివి. కోతలు, గంపలు, పడవలు. గంపలెత్తుకున్న ఆడవాళ్ళ బొమ్మల ముందు చాలాసేపు నిలబడ్డాను. నడుములు వంగిన తీరు, తలగుడ్డ కట్టిన తీరు చూస్తే మా వాళ్ళే. రంగు ఒకటే నీలం.

తర్వాత పడవ. రబేలు అంటారు. అడుగు చదునుగా, వెనక పొడవాటి తెడ్డుతో ఉంటుంది. పూర్వం పైనుంచి పీపాలు వేసుకుని ఈ పడవల్లోనే పోర్తో ఎదుటి ఒడ్డుకు దించేవాళ్ళట. ఇప్పుడు ఇంజను బిగించి మాలాంటి వాళ్ళను తిప్పుతున్నారు. నది చెరువులాగా కదలకుండా ఉంది. అప్పట్లో ఇట్లా ఉండేది కాదట. బండరాళ్ళు, సుడులు. ఎన్నో పడవలు, ఎందరో మనుషులు పోయారు. 1971 నుంచి 1985 మధ్య వరసగా ఐదు ఆనకట్టలు పూర్తయ్యాక నది ఇట్లా నిమ్మళించింది.

అప్పుడు గైడు ఒక కథ చెప్పింది. దోనా అంతోనియా ఫెరైరా అని 1811లో ఇక్కడే పుట్టిన ఒకావిడ. 33 యేళ్ళకు భర్త పోయాడు, ఇద్దరు పిల్లలు. ఇల్లు చూసుకో చాలు అనకుండా వ్యాపారమంతా తన చేతుల్లోకి తీసుకుంది. పురుగొచ్చి తోటలు చచ్చిపోతుంటే కూడా వెనక్కి తగ్గలేదు. 1877లో, 66 యేళ్ళ వయసులో, ఎవరూ సాగు చెయ్యని బంజరు కొని దాన్ని తోట చేసింది. 1896లో ఆమె పోయేనాటికి ఇరవైకి పైగా తోటలు. ఈ పక్కవాళ్ళు ఇప్పటికీ ఆమెను ఫెరైరీన్యా అని, అంటే మన చిన్నమ్మి అన్నట్టు, ముద్దుగా పిలుస్తారు. 1861 మేలో ఆమె ఎక్కిన పడవ ఇక్కడికి ఎగువన వలైరా అనే చోట సుడిలో బోల్తా పడింది. అదే పడవలో ఈ నదికి మొదట మంచి పటం గీసిన ఫారెస్టర్ అనే ఇంగ్లీషు వర్తకుడు ఉన్నాడు. ఆయన మునిగిపోయాడు. నడుముకు బంగారం కట్టుకున్న బెల్టు ఆయన్ని ముంచిందని అంటారు. ఆమె బతికింది. ఆ కాలం గొడుగులాంటి పెద్ద పావడా గాలి పట్టి నీళ్ళ మీద తేల్చిందని చెప్పుకుంటారు.

బండివాళ్ళందరూ నవ్వారు. నాకు మా వదిన గుర్తొచ్చింది.

పాప నా పక్కకు వచ్చి కూర్చుంది. "అత్త గురించే కదా ఆలోచిస్తున్నావు?" అంది.

అప్పుడెందుకో, పదిహేడేళ్ళుగా ఎవరికీ చెప్పనిది నోట్లోంచి వచ్చేసింది. మా ఆయనకు కూడా చెప్పలేదు. పాప ఆరో పుట్టినరోజు, 2008 ఫిబ్రవరి. ఇంటి నిండా మా అత్తగారి వైపు చుట్టాలు. వీధి చివర అన్న తూలుతూ రావడం చూశాను. గుమ్మం దగ్గరికి వచ్చేసరికి గుప్పున వాసన. డబ్బులు అడగడానికే వచ్చాడనుకున్నా. అంతకుముందు రెండుసార్లు అట్లాగే వచ్చాడు. "అన్నా, ఈ పొద్దు వద్దు. రేపు రా" అని తలుపు గడియ వేసేశాను. కాసేపు అరుగు మీద నిలబడి పోయాడు. రేపు రాలేదు. మే నెలలో పోయాడు. "నేను తలుపు వేశాను పాపా. నా అన్న మొహం మీద" అన్నాను.

పాప నీళ్ళవైపు చూస్తూ చెప్పింది. "నాకు తెలుసమ్మా. కిటికీలోంచి చూసినా. మామ అరుగు మీద ఒక కవరు పెట్టిపోయినాడు. ద్రాక్షపండ్లు. నేను ఎవరూ చూడకుండా తెచ్చుకుని మంచం కింద దాచిపెట్టుకుని తిన్నా. నువ్వు కొడతావని చెప్పలేదు."

పడవ ఇంజను చప్పుడు తప్ప నాకేమీ వినిపించలేదు.

"నీకు చెప్పకుండా నేను దాచిన మొదటి సంగతి అది" అంది పాప. "ఆ తర్వాత దాచడం అలవాటైపోయింది. ఈ పొద్దు దాచకూడదని అనుకున్నా. టూరు సంగతి ముందే చెప్పకపోవడం తప్పే. చెప్తే నువ్వు రావు కదా."

నేను ఏడ్చాను. నలుగురిలో ఏడవడం ఏమిటని కూడా అనుకోలేదు. బ్రెజిల్ ముసలావిడ ఏమీ అడగకుండా తన చేతిరుమాలు ఇచ్చింది.

కొంతసేపయ్యాక అడిగాను. "ఎప్పుడన్నా ఎక్కువైతే, కష్టం వచ్చి తాగాలనిపిస్తే, ఎవరికి ఫోన్ చేస్తావు?"

"నీకే."

"అరుస్తాను."

"అరువు. ఫోన్ మాత్రం ఎత్తు."

సరే అన్నాను.

రెండో తోటలో కూడా నేను తాగలేదు. తాగను. ఈ విషయంలో నేను మారానని ఎవరూ అనుకోవద్దు. పాప కూడా ఒక్క గ్లాసే రుచి చూసి పక్కన పెట్టింది. నాకోసమా, తనకే చాలనిపించిందా, నేను అడగలేదు. పాప అడుగున మిగిల్చిన గ్లాసు మాత్రం చేతిలోకి తీసుకుని వాసన చూశాను. ఎండిన నల్లద్రాక్ష, బెల్లంపాకం. దాని వెనకే ఆ ఘాటు, నాకు తెలిసిన ఘాటు. రెండూ ఉన్నాయి. గ్లాసు కింద పెట్టేశాను.

గదికి వచ్చేసరికి మన దేశంలో అర్ధరాత్రి దాటింది. పొద్దున లేవగానే వదినకు ఫోన్ చేశాను. వదిన ఇప్పుడు రాయదుర్గంలోనే ఉంటుంది. అన్న పోయాక జీన్స్ ప్యాంట్లు కుట్టే పని నేర్చుకుని, రోజూ ఊరి నుంచి బస్సులో పోయివచ్చి, తర్వాత సొంతంగా రెండు మిషన్లు పెట్టుకుని ఇద్దరు పిల్లల్నీ చదివించింది. తలుపు సంగతి, కవరు సంగతి చెప్పాను. క్షమించమని అడగడం ఎట్లాగో తెలియక ఊరికే చెప్పేశాను.

వదిన చాలాసేపు పలకలేదు. తర్వాత అంది. "ఆ పొద్దు నా దగ్గర యాభై రూపాయలు అడిగి తీసుకునిపోయినాడు. తాగనీకే అనుకున్నా. తిట్టి ఇచ్చినా." మళ్ళీ ఆగింది. "బిడ్డకు పండ్లు తెచ్చినాడా? తిన్యాదా పాప?"

"తిన్యాది వదినా. అన్నీ తిన్యాది."

"చాల్లే" అంది.

ఫోన్ పెట్టబుద్ధి కాలేదు. మాట మారుద్దామని ఫెరైరీన్యా కథ చెప్పాను. పడవ తిరగబడటం, ఆయన బంగారంతో మునిగిపోవడం, ఈమె పావడాతో తేలడం. వదిన విని ముక్కుతో నవ్వింది. "ఆ యమ్మను పావడా కాపాడినాది. నన్ను ప్యాంట్లు కాపాడినాయి" అంది.

ఊరికి తిరిగొచ్చాక వదినా నేనూ కలిసి పొలానికి పోయాం. కూసాలు చాలావరకు అట్లాగే ఉన్నాయి. రెండు వరసల మీద వదిన కొడుకు కాకర పాకించాడు. దానికి నీళ్ళు తక్కువ చాలు. వచ్చేటప్పుడు కొంగు నిండా కాయలు కోసుకొచ్చుకున్నాం. ఆ రాత్రి పులుసు పెట్టి పాపకు ఫోన్లో చూపిస్తే, "నాకా చేదా?" అని మొహం ముడిచింది. "వచ్చినప్పుడు తిందువు గానీ" అన్నాను.